గంగరావి పువ్వు, మా తాత కుంచం

గంగరావి పువ్వు పొద్దున విచ్చేటప్పుడు లేత పసుపు. సాయంత్రానికి అదే ఎర్రబడి, ముడుచుకుని, మర్నాటికి రాలిపోతుంది. పాలకొల్లు దగ్గర మా అమ్మమ్మగారి ఊళ్లో కాలవగట్టు పొడుగునా ఈ చెట్లే. వేసవి సెలవుల్లో ఆకులు చుట్టి పీకలు చేసి, ఊళ్లో ఎవరికీ మధ్యాహ్నం కునుకు పట్టకుండా ఊదేవాళ్లం. ఆ పువ్వుకి ఒక రాజకీయ చరిత్ర ఉందని నాకు నలభై దాటాక గానీ తెలియలేదు.

మొదటి ప్రపంచ యుద్ధం ఆగిన రోజు నవంబర్ 11. బ్రిటిష్ పాలన ఉన్న చోటల్లా ఆ రోజు కాగితపు పాపీ పూలు అమ్మి, మాజీ సైనికుల కోసం చందా వసూలు చేసేవారు. డబ్బులో ఎక్కువ భాగం ఇంగ్లండు వెళ్లిపోయేది. మా దేశంలో వసూలు చేసిన డబ్బు మీ ఊరికి ఎందుకని సిలోన్ (ఇప్పటి శ్రీలంక) కుర్రాళ్లకి ఒళ్లు మండింది. 1930ల మొదట్లో వాళ్లు అదే రోజున పోటీగా సూరియ పూలు అమ్మడం మొదలుపెట్టారు. సూరియ అంటే మన గంగరావే. ఆ పూలమ్మిన కుర్రాళ్లలోంచే 1935 డిసెంబర్ 18న ఒక పార్టీ పుట్టింది. పేరు లంక సమసమాజ పార్టీ. సోషలిజానికి సింహళంలో మాట లేక, అందరికీ అర్థమవుతుందని 'సమసమాజం' అన్నారు. మనకీ వివరించక్కర్లేని మాట.

పసుపుగా విచ్చి ఎరుపుగా రాలే పువ్వంటే ఆంధ్రావాడికి కొంచెం నవ్వొస్తుంది. మన దగ్గర వరస తిరగబడింది. ఎరుపే వెళ్లి పసుపు పక్కన కూర్చుంది.

ఈ వ్యాసం రాయడానికి కారణం సంక్రాంతికి మా మావయ్యతో పడిన పేచీ. మావయ్య అంటే అమ్మ తమ్ముడు. డెబ్బై ఎనిమిదేళ్లు. పద్దెనిమిదేళ్ల వయసులో కమ్యూనిస్టు పార్టీలోకి (సీపీఐ) వెళ్లి ఇవాళ్టికీ సభ్యత్వం వదలని మనిషి. కనుమ నాడు భోజనాలయ్యాక అరుగు మీద చేరాం. మా బావ ఊరుకోడు కదా, కదిపాడు.

"ఏం మావయ్యా, మీ వాళ్లకి నోటాకి వచ్చినన్ని కూడా రావట్లేదంట?"

అబద్ధం కాదు. 2019లో ఆంధ్రప్రదేశ్‌లో నోటాకి ఒకటింపావు శాతం పైన పడితే, రెండు కమ్యూనిస్టు పార్టీలకీ కలిపి అర శాతం రాలేదు. రాష్ట్రం విడిపోయాక జరిగిన మూడు ఎన్నికల్లోనూ ఆంధ్ర వైపు అసెంబ్లీకి ఎర్రజెండా మనిషి ఒక్కడూ వెళ్లలేదు.

మావయ్యకి కోపం రాలేదు. వేళ్ల మీద లెక్క చెప్పాడు. "94లో తెలుగుదేశంతో కలిస్తే మాకు పంతొమ్మిది, సీపీఎం వాళ్లకి పదిహేను. ముప్పై నాలుగు మంది కూర్చున్నారురా అసెంబ్లీలో. పొత్తు వదిలేసిన 99లో ఎంత? మాకు సున్నా, వాళ్లకి రెండు. మళ్లీ 2004లో కాంగ్రెస్‌తో కలిస్తే ఆరు, తొమ్మిది. చిన్న పార్టీ చెయ్యి పట్టుకునే నడవాలి. అధికారం అంచునైనా లేకపోతే నీ మాట ఎవడు వింటాడు?"

నా పేచీ ఇక్కడే. మా బావ చేసిన ఎగతాళి నాకు పెద్ద విషయం కాదు. ఓట్లు తక్కువ రావడం నేరం కాదు. కానీ మావయ్య మాట విన్నప్పుడల్లా నాకు ఆ గంగరావి పూల పార్టీ గుర్తొస్తుంది. మావయ్య చెప్పిన దారిలో దక్షిణాసియాలో అందరికంటే ముందు, అందరికంటే దూరం నడిచింది వాళ్లే.

వాళ్ల మొదటి రోజులు చెబితే మావయ్యకి కూడా కళ్లు మెరుస్తాయి. 1934-35లో సిలోన్‌లో మలేరియా విరుచుకుపడి వేలకి వేల మంది పోయారు. పూలమ్మిన కుర్రాళ్లు క్వినైను, పప్పు మూటలు నెత్తిన పెట్టుకుని కేగల్ల వైపు పల్లెలకి వెళ్లారు. లండన్‌లో డాక్టరేటు చేసొచ్చిన ఎన్.ఎం. పెరేరాకి అక్కడి జనం పెట్టిన పేరు 'పరిప్పు మహత్తయ'. పరిప్పు అంటే పప్పు. పప్పు అయ్యగారు అన్నమాట. ఇవాళ మన దేశంలో ఆ మాటకి వేరే రుచి వచ్చింది గానీ, ఆ జనం ప్రేమగానే అన్నారు. 1936లో ఆ పప్పు అయ్యగారూ, ఫిలిప్ గుణవర్ధన అనే ఇంకో నాయకుడూ అక్కడి శాసనసభకి గెలిచారు. పార్టీ పుట్టి ఏడాది తిరగలేదు.

యుద్ధం రాగానే నాయకుల్ని జైల్లో పెట్టారు. 1942 ఏప్రిల్ 5న జపాన్ విమానాలు కొలంబో మీద బాంబులు వేశాయి. మర్నాడే, 6న, మన విశాఖపట్నం, కాకినాడల మీద పడ్డాయి. కాకినాడ ఖాళీ చేసి బళ్లు కట్టుకుని లోపలి ఊళ్లకి వచ్చేసినవాళ్ల కథలు డెల్టాలో ఇప్పటికీ చెబుతారు. సరిగ్గా ఆ వారంలోనే ఎన్.ఎం. పెరేరా, కాల్విన్ ఆర్. డిసిల్వా వగైరాలు కాండీ జైల్లోంచి తప్పించుకున్నారు. సముద్రం దాటి మన దేశం వచ్చి క్విట్ ఇండియాలో రహస్యంగా పనిచేశారు. మన కమ్యూనిస్టు పార్టీ అప్పుడు 'ఇది ప్రజాయుద్ధం' అంటూ క్విట్ ఇండియాకి దూరంగా ఉంది. సమసమాజం వాళ్లు రష్యా విప్లవ నాయకుల్లో స్టాలిన్‌కి ఎదురు తిరిగిన ట్రాట్‌స్కీ మనుషులు. స్టాలిన్ వైపు మొగ్గినవాళ్లని అప్పటికే బయటికి పంపేశారు. ఈ ట్రాట్‌స్కీ-స్టాలిన్ తగువులోకి నేను దిగను. దిగినవాళ్లు పైకి రావడం నేను చూడలేదు.

1947 ఎన్నికల్లో 95 స్థానాలకి పది వచ్చాయి. పెరేరా ప్రతిపక్ష నాయకుడయ్యాడు. మరుసటి ఏడాదే అసలు పరీక్ష వచ్చింది.

టీ తోటల్లో పనిచేసే తమిళ కూలీలు ఏడు లక్షల పైన ఉండేవారు. తరాల కిందట మన దక్షిణాది నుంచి తీసుకెళ్లినవాళ్లు. ఆ 47 ఎన్నికల్లో వాళ్ల ఓట్లు ఎక్కువగా వాళ్ల సొంత సంఘానికీ, కొన్నిచోట్ల ఎర్రజెండాలకీ పడ్డాయి. 1948లో ప్రభుత్వం ఒక చట్టం తెచ్చి వాళ్లలో చాలామంది పౌరసత్వం తీసేసింది. ఆ మరుసటి ఏడాది ఓటూ పోయింది. సింహళ ఓటర్ల ముందు ఈ కూలీల పక్షాన మాట్లాడితే వచ్చేదేమీ లేదు, పోయేవే ఉన్నాయి. అయినా సమసమాజం పార్టీ సభలో వ్యతిరేకించింది.

ఇది చదివిన రాత్రి నాకు మా నాన్నగారి తాత గుర్తొచ్చాడు. ఆయన రంగం వెళ్లొచ్చిన మనిషి. గోదావరి జిల్లాలవాళ్లకి రంగం అంటే రంగూన్ అని చెప్పక్కర్లేదు. మా కోరంగి రేవు నుంచి ఎంతమంది వెళ్లారంటే, బర్మావాళ్లు తెలుగువాళ్లందరికీ 'కోరంగీ' అనే పేరు పెట్టేశారు. 1930 మేలో రంగూన్ రేవులో తెలుగు కూలీలు సమ్మె కట్టారు. షిప్పింగు కంపెనీలు వాళ్ల బదులు బర్మా కూలీలను పెట్టుకున్నాయి. సమ్మె తీరి మనవాళ్లు వెనక్కి రాగానే వాళ్లని పొమ్మన్నాయి. ఆకలిమీద ఉన్న వీళ్లకీ వాళ్లకీ మధ్య మొదలైన కొట్లాట ఊరంతా పాకి, తెలుగువాళ్ల శవాలు లేచాయి. మా ముత్తాత అప్పుడు అక్కడే ఉన్నాడంటారు. తిరిగొచ్చాక ఆ సంగతి అడిగితే లేచి వెళ్లిపోయేవాడట. పరాయి ఊళ్లో ఓటూ, అండా లేని కూలీ అంటే ఏమిటో మా ఇంటికి అలా తెలుసు. అందుకే 1948లో ఆ కొద్దిమంది ఎత్తిన చేతులు నాకు పెద్దవిగా కనిపిస్తాయి.

తర్వాత బియ్యం. డెల్టావాళ్లం, బియ్యం మాట వస్తే ఆగి వింటాం. 1953లో సిలోన్ ప్రభుత్వం రేషన్ బియ్యం మీద సబ్సిడీ ఎత్తేసింది. కొలత బియ్యం పాతిక సెంట్ల నుంచి ఒక్కసారిగా డెబ్బై సెంట్లయింది. ఆగస్టు 12న సమసమాజం పార్టీ ముందుండి, ఇతర వామపక్షాలను కలుపుకుని హర్తాళ్‌కి పిలుపిచ్చింది. రైళ్లు ఆగిపోయాయి, రోడ్లకి అడ్డంగా చెట్లు పడ్డాయి. కాల్పుల్లో మనుషులు పోయారు. మంత్రివర్గం నగరంలో కూర్చోలేక కొలంబో రేవులో ఆగి ఉన్న బ్రిటిష్ యుద్ధనౌక ఎక్కి సమావేశం పెట్టుకుంది. అక్టోబరులో ప్రధాని దడ్లీ సేననాయకే రాజీనామా చేశాడు. ఆ నెలలోనే ఇక్కడ కర్నూలు రాజధానిగా మన ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. ఒక చిన్న పార్టీ మంత్రి పదవి ఏదీ లేకుండా, కొలత బియ్యం ధర మీద ఒక ప్రధానిని దింపడంలో ముందు నిలిచింది. "అధికారం అంచునైనా లేకపోతే ఎవడు వింటాడు" అనే మావయ్య ప్రశ్నకి నా దగ్గరున్న మొదటి జవాబు ఇది.

కొలత అన్నాను కాబట్టి కుంచం సంగతి. ఈ సంక్రాంతికే అటక దులుపుతుంటే మా తాత కుంచం దొరికింది. ఇనుప రేకు, మూతికి ఇత్తడి పట్టీ, ఒక పక్క చిన్న సొట్ట. ఆ రోజుల్లో కుప్పనూర్పులప్పుడు కూలి గింజల్లోనే ఇచ్చేవారు. కుంచం నింపడానికి రెండు పద్ధతులు. గింజలు పొర్లిపోయేదాకా గోపురంలా పోస్తే ఒక లెక్క, పోశాక అరచేత్తో తల చదునుగా కొట్టేస్తే ఇంకో లెక్క. రావలసింది గోపురంతో తీసుకుని, ఇవ్వాల్సింది తలకొట్టి ఇవ్వడం రైతు నేర్పు. ఊరికే చూద్దామని వంటింట్లోని డిజిటల్ కాటా తెచ్చి, బియ్యం రెండు రకాలుగానూ పోసి తూచాను. తేడా నాలుగు వందల గ్రాముల పైమాట. కుంచానికి నాలుగు వందల గ్రాములు! పదిహేను కుంచాల కూలి వచ్చే మనిషికి ఆరు కిలోలు, అంటే ఒక చిన్న ఇంటికి నాలుగైదు రోజుల తిండి, అరచేతి ఊపుకి పోయేది. డెల్టాలో వ్యవసాయ కూలీ సంఘాల గొడవలు పెద్ద సిద్ధాంతాల మీద మొదలు కాలేదు. ఇలాంటి అరచేతుల దగ్గరే మొదలయ్యాయి.

సిలోన్‌కి వెళ్దాం. 1956లో బండారనాయకే సింహళం ఒక్కటే అధికార భాష అని గెలిచి, ప్రధాని అయి చట్టం తెచ్చాడు. అప్పుడు కాల్విన్ డిసిల్వా సభలో అన్న మాట ఆ దేశంలో ఇప్పటికీ తలుచుకుంటారు. రెండు భాషలైతే దేశం ఒకటి, ఒకటే భాషైతే దేశాలు రెండు. ఇరవై ఏడేళ్లకి అక్కడ అంతర్యుద్ధం మొదలైంది. ఆ మాట అన్నది తమిళుడు కాదు, సింహళుడు. అంతకుముందే, రెండు భాషలకీ సమాన హోదా కావాలన్నందుకు కొలంబోలో వాళ్ల సభని మూకలు చెదరగొట్టాయి. భాష కోసం ప్రాణం ఇచ్చిన పొట్టి శ్రీరాములు రాష్ట్రంలో పుట్టినవాణ్ణి, నా భాష గురించి పోరాడటం నాకు తెలుసు. పక్కవాడి భాష కోసం నా ఓటర్ల చేతే తిట్లు తినడం వేరే ధైర్యం.

ఆ ధైర్యం ఎనిమిదేళ్లే నిలిచింది.

1960 మార్చిలో అధికారం మాదే అనుకుని 101 చోట్ల నిలబడితే పది వచ్చాయి. ఆ దెబ్బకి లోపల ఏదో విరిగింది. అదే ఏడాది జూలైలో బండారనాయకే భార్య సిరిమావో పార్టీతో పోటీ లేని సర్దుబాటు చేసుకున్నారు. 1964 జూన్‌లో మహాసభ పెట్టి ఆమె మంత్రివర్గంలో చేరాలని తీర్మానించారు. పప్పు అయ్యగారు ఆర్థిక మంత్రి అయ్యారు. ట్రాట్‌స్కీ మనుషుల ప్రపంచ సంస్థ నాలుగో ఇంటర్నేషనల్ వాళ్లని వెలివేసింది. ఆయనతో జైలు పంచుకున్న ఎడ్మండ్ సమరకొడి లాంటివాళ్లు బయటికి నడిచారు. ఆ డిసెంబర్‌లో సర్కారు ఒక్క ఓటు తేడాతో పడిపోయినప్పుడు, వ్యతిరేకంగా పడిన ఓట్లలో సమరకొడిది ఒకటి.

అయితే ఆ ఆరు నెలల్లోనే అక్టోబర్ 30న సిరిమావో-శాస్త్రి ఒప్పందం జరిగింది. తోటల తమిళుల్లో అయిదు లక్షల పాతిక వేల మందిని భారతదేశం తీసుకోవాలి, మూడు లక్షల మందికి సిలోన్ పౌరసత్వం ఇవ్వాలి, మిగతా లక్షా యాభై వేల మంది సంగతి తర్వాత చూద్దాం అని. మనుషుల్ని బస్తాల్లా పంచుకున్నారు. 1948లో వాళ్ల కోసం చెయ్యెత్తిన పార్టీ ఆ రోజు మంత్రివర్గంలో కూర్చుని ఉంది.

తర్వాత జారుడుబండే. 1966 జనవరిలో తమిళానికి పరిమితంగా చోటిచ్చే నిబంధనలను, మళ్లీ ప్రధాని అయిన దడ్లీ సర్కారు తెస్తే, వాటికి వ్యతిరేకంగా ఊరేగిన గుంపులో సమసమాజం కూడా ఉంది. ఆ గొడవల్లో పుట్టిన నినాదం ఒకటి: దడ్లీ కడుపులో మసాలా వడ. తమిళుల తిండి తిన్నాడని ప్రధానిని వెక్కిరించడం. రోజూ పొద్దున వడ తినేవాణ్ణి, నాకు మొదట నవ్వే వచ్చింది. తర్వాత రాలేదు.

1970లో సిరిమావో కూటమితో కలిసి పంతొమ్మిది గెలిచారు. మావయ్య చెప్పిన 94 నాటి పంతొమ్మిది. ఈసారి పప్పు అయ్యగారికి మళ్లీ ఆర్థిక శాఖ, కొత్త రాజ్యాంగం రాసే శాఖ కాల్విన్‌కి ఇచ్చారు. 1972 మే 22న అమల్లోకి వచ్చిన ఆ రాజ్యాంగంలో సింహళమే అధికార భాష, బౌద్ధానికి అగ్రస్థానం. పాత రాజ్యాంగంలో అల్పసంఖ్యాకులకి ఉన్న రక్షణ మాయం. రెండు భాషలైతే దేశం ఒకటి అన్నవాడి చేతుల మీదుగానే ఇది జరిగింది. 1971లో తిరగబడిన సింహళ పల్లె కుర్రాళ్లని వేల సంఖ్యలో చంపిన ప్రభుత్వమూ ఇదే. 1973-74లో తిండి కరువొచ్చి రేషన్ కోత పడితే టీ తోటల్లో ఆకలి చావులు జరిగాయి. అప్పుడు ఖజానా తాళాలు ఎవరి దగ్గర ఉన్నాయో మీకు తెలుసు. కొలత బియ్యం కోసం హర్తాళ్ చేయించినవాళ్ల దగ్గరే.

మావయ్య వైపు న్యాయం కూడా చెప్పాలి. భూమికి పరిమితి, తోటల జాతీయీకరణ ఆ ప్రభుత్వంలోనే వచ్చాయి. బయట ఉండి ఎన్ని హర్తాళ్లు చేసినా అవి వచ్చేవి కావేమో. ఈ మాట నేనన్నప్పుడు మావయ్య మొహం విచ్చుకుంది. కానీ 1975లో సిరిమావో వాళ్లని బయటికి పంపేసింది. 1977లో పార్టీకి వచ్చిన సీట్లు సున్నా. నలభై ఏళ్లకి పైగా సభలో ఉన్న ఆ పార్టీ ఒక్క చోట కూడా గెలవలేదు. ఓడిపోవడం కొత్త కాదు, 60లోనూ ఓడారు. ఆ ఓటమి తర్వాత పార్టీ మిగిలింది, దీని తర్వాత పేరు మిగిలింది. తమిళుడికి వాళ్లతో పని లేదు, తోట కూలీకి నమ్మకం లేదు, సింహళ జాతివాదికి అసలు సరుకు దొరుకుతుంటే ఈ నకలు ఎందుకు?

మన డెల్టాలో జరిగింది ఇదేనా? అచ్చంగా కాదు. ఇక్కడ పార్టీ చిన్నగా మొదలవలేదు. 1952లో కాకినాడ నుంచి చెలికాని రామారావు, రాజమండ్రి నుంచి కానేటి మోహనరావు, 1957లో నర్సాపురం నుంచి ఉద్దరాజు రామం లోక్‌సభకి వెళ్లారు. అందరూ కమ్యూనిస్టులే. 1955 మధ్యంతర ఎన్నికల్లో ఆంధ్ర రాష్ట్రంలో 31 శాతం ఓట్లొచ్చినా సీట్లు 196కి 15 దగ్గర ఆగాయి. అవతల అందరూ ఒక్కటై నిలబడ్డారు. 1964 జూలైలో పార్టీని రెండు చేసిన సమావేశం మన తెనాలిలోనే జరిగింది. చీలాక ఒక ముక్కకి చండ్ర రాజేశ్వరరావు, ఇంకో ముక్కకి పుచ్చలపల్లి సుందరయ్య. దేశం మొత్తానికి ఇద్దరు ప్రధాన కార్యదర్శులూ మన కోస్తావాళ్లే! 1967లో ఇద్దరూ విడివిడిగా నిలబడి పదకొండు, తొమ్మిది తెచ్చుకున్నారు.

చీలికే కొంప ముంచిందని మావయ్య తరం అంతా అంటుంది. పొత్తుల వల్ల అని కుర్రాళ్లంటారు. రెండూ నిజమే గానీ, నాకు వేరే అనుమానం. ఇక్కడ నాయకుల్లో ఎక్కువమంది భూమి ఉన్న ఇళ్లలోంచి వచ్చారు. చదువుకున్నారు, త్యాగాలు చేశారు, జైళ్లకి వెళ్లారు. ఊళ్లో సభ పెడితే జెండా పట్టుకున్న చేతులు దళితపేట నుంచి వచ్చేవి. అయితే వీధికీ పేటకీ మధ్య ఉన్న గీత గురించి సభలో మాట్లాడినంత గట్టిగా ఇంట్లో మాట్లాడలేదు. మనకి సింహళం, తమిళం ఇవే. సొంత ఓటర్లు కాదు, సొంత చుట్టాలు నొచ్చుకుంటారు. ఇప్పుడు బలం పోయాకే కొంత నయం. తుందుర్రులో ఆక్వా ఫ్యాక్టరీ గొడవకీ, 2017లో గరగపర్రులో అంబేద్కర్ విగ్రహం గురించి దళితుల్ని వెలివేసినప్పుడూ ఎర్రజెండాలు వచ్చి నిలబడ్డాయి. వచ్చే ఓట్లు లేవని తెలిసే వచ్చారు. 2017లో మావయ్య కూడా ఆటో ఎక్కి వెళ్లాడు. మోకాళ్ల నొప్పులతో.

ఇదంతా ఆ కనుమ సాయంత్రం వాదించాను, ఇంత వరసగా కాదులెండి. మధ్యలో అత్తయ్య అరిసెలు పెట్టింది, బావ నిద్రపోయాడు. చివర్లో నేను గెలిచాననే ఉత్సాహంతో లోపలికెళ్లి కుంచం తెచ్చి మావయ్య ముందు పెట్టాను.

"67లో మీరు కూలిరేట్ల మీద ఊళ్లో సభ పెట్టించారు కదా. ఆ ఏడాది మన కళ్లంలో కూలి గింజలు ఎలా కొలిచారు మావయ్యా? గోపురమా, తలకొట్టా?"

మావయ్య కుంచాన్ని చేతిలోకి తీసుకుని సొట్ట దగ్గర బొటనవేలుతో రుద్దాడు. చాలాసేపు ఏమీ అనలేదు. రోడ్డు మీద ట్రాక్టరు వెళ్లే చప్పుడు తగ్గాక అన్నాడు.

"తలకొట్టింది మీ తాతరా. నేను కాదు."

"మరి మీరెక్కడున్నారు?"

"అక్కడే. పక్కన నులకమంచం మీద కూర్చుని లెక్క రాశాను."